అమ్మగారిని నామినీగా పెట్టడం ఒక్కటే చాలదు

ప్రశ్న: నా వయసు 36. విజయవాడలో ప్రైవేటు ఉద్యోగం చేస్తున్నాను, భర్త ఉన్నారు, పిల్లలు లేరు. నాన్నగారు పోయాక అమ్మ (64) ఖర్చులన్నీ నేనే చూస్తున్నాను. నా డిపాజిట్లకు, మ్యూచువల్ ఫండ్లకు అమ్మే నామినీ. నాకేమైనా అయితే ఆమెకు ఇబ్బంది ఉండదు కదా?

జవాబు: ఉండే అవకాశముంది. మీరు హిందువులనుకుని రాస్తున్నాను. నామినీ సొమ్ము అందుకునే వ్యక్తే గాని దానికి హక్కుదారు కాదు. బ్యాంకు అమ్మగారికి చెల్లించినా, వారసులు ఆ సొమ్మును ఆమె నుంచి కోరవచ్చు. 1956 నాటి హిందూ వారసత్వ చట్టం ప్రకారం, వీలునామా రాయకుండా మరణించిన వివాహిత స్వార్జితం మొదట భర్తకు, పిల్లలకు, వారెవరూ లేకపోతే భర్త వారసులకు, ఆ తరువాతే తల్లిదండ్రులకు చెందుతుంది. పెళ్లయిన కొద్ది నెలలకే భర్తను పోగొట్టుకుని, పుట్టింట చదువుకుని ఉద్యోగం చేసిన ఒక మహిళ స్వార్జితం, 2009లో సుప్రీంకోర్టు తీర్పుతో అత్తింటివారికే దక్కింది.

విచిత్రమేమిటంటే, నాన్నగారి నుంచి వారసత్వంగా వచ్చిన పొలం ఏదైనా ఉంటే, మీకు సంతానం లేనందున అది తిరిగి ఆయన వారసులకే వెళ్తుంది, వారిలో అమ్మగారూ ఉంటారు. పసుపు కుంకుమ కింద రాసిచ్చిన భూమికి గాని, మీ జీతంతో కూడబెట్టినదానికి గాని ఆ రక్షణ లేదు. కూతురి జీతం మీద తల్లి బతికే ఇల్లు ఈ చట్టం రాసినవారి ఊహలో ఉన్నట్టు లేదు.

అందుకని ముందు వీలునామా రాయండి. తెల్లకాగితం, మీ సంతకం, ఇద్దరు సాక్షుల సంతకాలు చాలు. రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాకపోయినా, రేపు తగవు రాకుండా సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో చేయించడమే నా సలహా. అందులో ఏముందో మీ భర్తగారికి ఇప్పుడే చెప్పండి. ఆ మాట ఆయన తరువాత ఇతరుల నోట వినకూడదు.

అమ్మగారి పేరు నామినీగా పెట్టి టర్మ్ పాలసీ కూడా తీసుకోండి. 2015 సవరణ తరువాత జీవిత బీమాలో తల్లిదండ్రులు నామినీలైతే ఆ సొమ్ము సాధారణంగా వారి సొంతమే. పెళ్లికి ముందు ఇచ్చిన పీఎఫ్ నామినేషన్‌ను మళ్లీ దాఖలు చేయండి.

డిపాజిట్లలో కొంత అమ్మగారికి బహుమతిగా ఇచ్చి సీనియర్ సిటిజన్ల పొదుపు పథకంలో వేయించవచ్చు. 2025లో ఉన్న 8.2 శాతం వడ్డీ లెక్కన 10 లక్షలకు మూడు నెలలకోసారి 20,500 రూపాయలు వస్తాయి, ఆ వడ్డీ మీ ఆదాయంలో కలవదు. అయితే ఆ సొమ్ము ఇక ఆమెదే కనుక, మీకు తోబుట్టువులుంటే అమ్మగారి చేత కూడా వీలునామా రాయించండి.