స్పెల్లింగ్ గుర్తురాకపోతే చుట్టాన్ని అడుగు

అమ్మడూ,

నువ్వు పంపిన ఉద్యోగ దరఖాస్తూ, దాని కింద రాసిన ప్రశ్నలూ చదివాను. "రిసీవ్‌లో ఈ ముందా, ఐ ముందా? ఎన్నిసార్లు చూసుకున్నా మర్చిపోతున్నాను మామయ్యా" అన్నావు. ముప్పై ఏళ్లు ప్రూఫులు దిద్దాను కాబట్టి నాకు పనికొచ్చిన దారి చెబుతాను.

తెలుగు దాదాపు పలికినట్టే రాస్తాం. ఆ అలవాటుకొద్దీ ఇంగ్లిష్ మాటనూ చెవితోనే రాయబోతాం. ఇంగ్లిష్‌లో అక్షరం ఒకచోట ఆగిపోయింది, పలుకు ముందుకు సాగిపోయింది. 1476లో విలియం కాక్స్టన్ ఇంగ్లండ్‌లో మొదటి అచ్చుయంత్రం పెట్టాడు. అచ్చు పుణ్యమా అని స్పెల్లింగులు మెల్లగా కుదురుకుంటున్న రోజుల్లోనే జనం ఉచ్చారణ మారిపోతూ వచ్చింది. నైఫ్‌లో కే, నైట్‌లో జీ హెచ్ ఒకప్పుడు నిజంగానే పలికేవారు.

అందుకని సందేహం వచ్చినప్పుడు ఆ మాట చుట్టాన్ని అడుగు. రిసీవ్‌కి చుట్టం రిసెప్షన్. అందులో సీ తర్వాత ఈ ఉన్నట్టు చెవికే తెలిసిపోతుంది. కాబట్టి రిసీవ్‌లోనూ సీ పక్కన ఈ, దాని తర్వాతే ఐ. డిసీవ్‌కి డిసెప్షన్, పర్సీవ్‌కి పర్సెప్షన్ ఇలాగే సాక్ష్యం చెబుతాయి.

సెపరేట్‌లో పీ తర్వాత ఈ రాశావు. చాలామంది అలాగే రాస్తారు. ఆ మాటా, ప్రిపేర్ అన్న మాటా లాటిన్‌లో పరారే అనే ఒకే క్రియ నుంచి వచ్చాయి. ప్రిపేర్‌లో రెండో పీ పక్కన ఏ పెట్టడం నువ్వెప్పుడూ మరిచిపోవు. సెపరేట్‌లోనూ అదే ఏ. డెఫినిట్ చివర ఐ టీ ఈ అని ఫైనైట్ చెబుతుంది. గ్రామర్ చివర ఏ ఆర్ ఎందుకంటే, గ్రమాటికల్‌లో ఆ ఏ గట్టిగా పలుకుతుంది. సైన్‌లో మూగగా ఉన్న జీ సిగ్నేచర్‌లో నోరు విప్పుతుంది.

డెట్‌ని మధ్యయుగాల ఇంగ్లిష్‌లో మామూలుగా బీ లేకుండానే రాసేవారు. లాటిన్ మూలం గుర్తుండాలని పండితులు తర్వాత బీ చేర్చారు. డెబిట్ తలుచుకుంటే ఆ బీ మరిచిపోం. ఐలాండ్‌లో ఎస్ మాత్రం లేని చుట్టరికం కలపడమే. దీవి అనే అర్థమే ఉన్న ఐల్ అనే వేరే మాటతో పొరబడి దాన్ని తెచ్చిపెట్టారు.

ఇక మాటల ఎంపిక. ఇట్స్‌లో అపాస్ట్రఫీ పెట్టే ముందు అక్కడ "ఇట్ ఈజ్" గానీ "ఇట్ హాజ్" గానీ పెట్టి చదువు. అర్థం కుదిరితే పెట్టు, లేకపోతే వద్దు. హిజ్, హర్స్‌కి లేని అపాస్ట్రఫీ దీనికి మాత్రం ఎందుకు? అడ్వైస్ నామవాచకం, సీ తో. అడ్వైజ్ క్రియ, ఎస్ తో. బ్రిటిష్ పద్ధతిలో ప్రాక్టీస్, లైసెన్స్ కూడా ఇంతే, చెవికి తేడా తెలియదు గానీ. అమెరికాలో ప్రాక్టీస్ ఎక్కడైనా సీ తోనే, లైసెన్స్ ఎక్కడైనా ఎస్ తోనే. కలర్‌లో యూ తీసేయడం లాంటివి అక్కడ స్థిరపడటానికి నోవా వెబ్‌స్టర్ 1828లో తెచ్చిన నిఘంటువు ఎంతో కారణం. రెండు పద్ధతులూ సరైనవే, కానీ ఒకే కాగితంలో రెండూ కలపకు.

స్పెల్‌చెక్ మీద భారం వేయకు. ఒకసారి నేను దిద్దిన ఉత్తరంలో "నౌ" అని ఉండాల్సిన చోట "నాట్" పడింది. డబ్ల్యూ బదులు టీ, అంతే. "ఇప్పుడు ఒప్పుకోగలం" అన్నది "ఒప్పుకోలేం" అయి కూర్చుంది. రెండూ ఉన్న మాటలే కాబట్టి కంప్యూటర్ ఎర్రగీత గీయలేదు. నేనూ పట్టుకోలేదు. అవతలివాళ్లు ఫోన్ చేసి అడిగినప్పుడు నా గుండె జారిపోయింది. అప్పటినుంచి ప్రతి కాగితాన్నీ చివరి వాక్యం నుంచి వెనక్కి, ఒక్కో వాక్యంగా చదువుతాను. అలా చదివితే భావం వెంట కొట్టుకుపోకుండా కన్ను అక్షరం మీద నిలుస్తుంది.

నీ దరఖాస్తులో నన్ను ఎక్కువ బాధపెట్టినవి క్యాపిటల్ లెటర్లు. హార్డ్‌వర్కింగ్, టీమ్, ఎక్స్‌పీరియన్స్, అన్నిటికీ పెట్టేశావు. మన లిపిలో పెద్ద అక్షరాలు లేవు కాబట్టి అవి గౌరవానికో, నొక్కి చెప్పడానికో అనుకుంటాం. 1787 నాటి అమెరికా రాజ్యాంగం మూలప్రతి చూస్తే చాలా నామవాచకాలకు పెద్ద అక్షరాలే ఉంటాయి. జర్మన్‌లో నేటికీ అదే పద్ధతి. ఇంగ్లిష్ దాన్ని ఎప్పుడో వదిలేసింది. ఇప్పుడు పెద్ద అక్షరం సొంత పేర్లకు దక్కేది. సోమవారానికీ జనవరికీ ఉంటుంది, సమ్మర్‌కి ఉండదు. ఇంగ్లిష్ అన్న మాటకు ఎప్పుడూ ఉంటుంది, నువ్వు రెండుచోట్ల చిన్న అక్షరంతో రాశావు. ప్రొఫెసర్ అన్నది మనిషి పేరుకు ముందొస్తే పెద్దది, "ఒక ప్రొఫెసర్ దగ్గర పనిచేశాను" అంటే చిన్నది.

అన్ని మాటలకూ చుట్టాలు అక్కరకు రారు. నెససరీలో సీ ఒకటి, ఎస్‌లు రెండు. అకామడేషన్‌లో సీలు రెండు, ఎమ్‌లు రెండు. వీటిని చేత్తో పదిసార్లు రాయి. నీ మూడో పేరాలో రెండూ ఉన్నాయి, రెండూ తప్పే. దిద్ది శుక్రవారంలోగా పంపితే మళ్లీ చూస్తాను.

ఆశీస్సులతో,
మామయ్య