డాక్యుమెంటరీలో కళాకారుడు తనలాగే కనిపిస్తాడు కదా, దాంట్లో నటన ఏముంది, డబ్బులెందుకియ్యాల?

నటనే అన్నా. రాత్రంతా ఆట ఆడేదానికన్నా కష్టం. మాది ధర్మవరం పక్క (2022లో జిల్లా మారింది గానీ మేమింగా అనంతపురమోళ్లమే), మా మామ తోలుబొమ్మలాట ఆడతాడు. ఆటలో జనానికి కనపడేది బొమ్మ, మనిషి తెర వెనకాల ఉంటాడు, బతుకంతా కనపడకుండా ఉండేది నేర్చుకున్నోణ్ణి కెమెరా ముందర కూచోబెట్టి 'మీరు మీలాగే ఉండండి' అంటే ఎట్లుంటాడు చెప్పండి.

పోయిన ఎండాకాలం బెంగళూరు నుంచి పిల్లోళ్ళు వచ్చినారు, సొంత డబ్బులతో సినిమా తీసుకునేటోళ్ళు, మంచోళ్ళే. మామ లుంగీ, టీషర్టులో వసారాలో కూచోని లాంప్‌షేడ్‌కి రంగులేస్తాండాడు, ఇప్పుడు ఇల్లు గడిచేది దాంతోనే. మీలాగే ఉండండి సార్ అంటానే వాచీ తీపిచ్చినారు, పంచె కట్టిచ్చినారు, లాంప్‌షేడ్ పక్కన పెట్టి రావణాసురుణ్ణి తెమ్మన్నారు, ట్యూబ్‌లైట్ ఆర్పేసి ఆముదం దీపం అడిగినారు. తర్వాత గడప మీద కూచోని ఎటో చూస్తా 'నాతోనే ఈ కళ అయిపోతాది' అనాలంట. పక్కనే మామ కొడుకు ఉలి పట్టుకుని తోలుకి చిల్లులు కొడతాండాడు! మామ అన్నాడు. వెలుతురు బాలేదు ఇంగోసారి అన్నారు. మళ్ళీ అన్నాడు, పక్కింటి మగ్గం చప్పుడు పడిందంట, ఇంగోసారి. ఆటలో బంగారక్క, జుట్టుపోలిగాడు అని జనాన్ని నవ్విచ్చే బొమ్మలుంటాయి. ఈసారి మామ మొహం ఏమాత్రం మార్చకుండా బంగారక్క గొంతు తీసి 'ఏమిరా జుట్టుపోలిగా, ఒగ కళని ఎన్నిసార్లు సంపుతావురా' అన్నాడు. లోపల మా అత్త పడీపడీ నవ్వింది, సౌండ్ చూసే పిల్లోనికి తెలుగొచ్చు, వాడు హెడ్‌ఫోన్లు తీసేసి నవ్వు ఆపుకోలేకపోయినాడు. ఆ ముక్క సినిమాలో పెట్టలా. మామ జీవితంలోనే బెస్ట్ యాక్టింగ్ అది.

ఇది మనకాడే కాదు లెండి. 1922లో కెనడా మంచు ప్రాంతంలో ఉండే వేటగాని మీద వచ్చిన నానూక్ అనే పాత డాక్యుమెంటరీలో హీరో అసలు పేరు అల్లకారియల్లక్, తుపాకీ వాడే మనిషి చేత కెమెరా కోసం పాతకాలం ఈటెతో వేటాడిపిచ్చినారు. నూరేళ్ళయినా అదే తంతు.

ఇంగ ఈ 'అంతరించిపోతున్న కళ' అనే మాట వింటేనే నాకు ఒళ్ళు మండుతాది. నిమ్మలకుంట తోలుబొమ్మల కళాకారుడు దళవాయి చలపతిరావు గారికి 2020లో పద్మశ్రీ ఇచ్చినారు, అయినా అదే పాట. అంత బాధుంటే మీ ఊర్లో ఒగ రాత్రి విరాటపర్వం ఆడిపిచ్చండి, అది ఆడితే వానొస్తాదంటారు, వానకోసమన్నా.

డబ్బుల సంగతంటారా, లైట్ పట్టుకునే అబ్బాయికి బేటా (రోజు భత్యం) ఉంది, కళాకారునికి శాలువా. కెమెరా అద్దె రోజుకి ఎంతిస్తారో ఆయనకీ అంతియ్యాల, అదీ షూటింగ్‌కి ముందే. సంతకం పెట్టమనే కాగితం ఇంగ్లీషులో ఉంటే తెలుగులో రాసి తెమ్మనండి, తెచ్చేదాకా తెర కట్టొద్దు.