ప్రోసారోపాడ్ అనే మాట ఇంకా వాడొచ్చా? వాడొచ్చు, ముత్తాత అనే అర్థంలో మాత్రం వద్దు

పొడవు మెడల డైనోసార్లలో తొలి రకాలను ప్రోసారోపాడ్‌లు అంటారు కదా, ఆ మాటకు అర్థమేమిటి, ఇప్పటికీ వాడుతున్నారా అని అడిగారు. ఈ ఒక్క మాట వల్ల మా అక్క కొడుకు ఒక రాత్రి అన్నం తినకుండా పడుకున్నాడు. అందుకని నిఘంటువులో దొరికే జవాబు కాకుండా మా ఇంట్లో జరిగిన దాన్నిబట్టి చెబుతాను.

ముందు మాట సంగతి. పైకి ఇంగ్లీషులా కనిపిస్తుంది గానీ మనకు ఇది పరాయి మాటేమీ కాదు. గ్రీకులో 'సారోస్' అంటే బల్లి. 'పాడ్' అంటే పాదం. మన పాదమూ ఆ పాడ్ కూడా ఒకే మూలం నుంచి వచ్చినవే. ముందున్న 'ప్రో' సంస్కృతంలోని 'ప్ర'కు తోబుట్టువు. ముత్తాతను ప్రపితామహుడు అంటాం చూడండి, ఆ 'ప్ర'. పెద్ద మెడలవాటిలో తర్వాత వచ్చిన భారీ రకాలకు (వీటినే సారోపాడ్‌లు అంటాం) సారోపోడా, అంటే బల్లిపాదాలవి అని 1878లో అమెరికాలో మార్ష్ అనే శాస్త్రవేత్త పేరు పెట్టాడు. 1920లో జర్మనీ శాస్త్రవేత్త ఫ్రెడరిక్ ఫాన్ హ్యూనె వాటికంటే పాత రకాలను ఒక గుంపుగా చేర్చి ముందు 'ప్రో' తగిలించాడు. ఈయనే తర్వాత 1933లో మన జబల్‌పూర్ డైనోసార్ల మీద కూడా మాట్లీతో కలిసి పెద్ద గ్రంథం రాశాడు.

గొడవంతా ఆ 'ప్ర'లోనే ఉంది. ముందు వచ్చినవి అనడం వేరు, కన్నవి అనడం వేరు. మా వీధిలో మాకంటే ముందు ఇల్లు కట్టుకున్నవాళ్ళందరూ మా తాతలు కారు కదా.

నాకు గుంటూరు అరండల్‌పేటలో డీటీపీ, జెరాక్స్ షాపు ఉంది. ట్యూషన్ మాస్టార్ల నోట్సులు, బిట్ పేపర్లు ఇరవై ఏళ్ళుగా టైపు చేస్తున్నాను. మావాడు స్కూలు వదలగానే షాపుకే వస్తాడు. అక్క ఉద్యోగం నుంచి తిరిగి వచ్చేదాకా నా దగ్గరే కూర్చుని, పాడైన ప్రింటు కాగితాల వెనకవైపు బొమ్మలు వేసుకుంటాడు. అన్నీ డైనోసార్లే. అదీ అందరు పిల్లలకూ తెలిసిన టైరానోసారస్ కాదు. ప్లాటియోసారస్, మాసోస్పాండిలస్, ముసారస్ లాంటి ప్రోసారోపాడ్‌లు. ప్లాటియోసారస్‌కు 1837లో పేరు పెట్టారని, అప్పటికి డైనోసార్ అనే మాటే పుట్టలేదని, ఆ మాట 1842లో వచ్చిందని వాడు చెబితేనే నాకు తెలిసింది. ఎనిమిదో తరగతి పిల్లవాడు.

పోయిన సంక్రాంతి సెలవులకు ముందు, ఊళ్ళోనే ఒక స్కూల్లో ఇంటర్ స్కూల్ సైన్స్ క్విజ్ పెట్టారు. షాపు మూసేసి నేను కూడా వెళ్ళాను. మావాళ్ళ జట్టు రెండో స్థానంలో ఉంది. ఆఖరి రౌండులో, 'సారోపాడ్‌ల పూర్వీకులైన డైనోసార్ల గుంపు ఏది?' అని అడిగారు. మావాడి మొహం వెలిగిపోవడం వెనక వరసలోంచి నాకు కనిపించింది. లేచి నిలబడ్డాడు.

"ప్రోసారోపోడా అని పేరు పెట్టారు సార్. కానీ అది ఇప్పుడు ఒక గుంపు కాదు. వాటిలో కొన్ని సారోపాడ్‌లకు దగ్గర, కొన్ని దూరం. అన్నీ పూర్వీకులు కావు."

"ఒక్క పేరు చెప్పు బాబూ."

"ఆ పేరు చెబితే ప్రశ్న తప్పవుతుంది సార్."

అంతలో టైమ్ అయిపోయింది. ప్రశ్న పక్క జట్టుకు వెళ్ళింది. వాళ్ళు 'ప్రోసారోపోడా' అన్నారు. చప్పట్లు, పది మార్కులు. మావాళ్ళు మూడో స్థానానికి దిగిపోయారు. అయ్యాక స్టేజీ దగ్గరికి వెళ్ళి, పిల్లవాడు చెప్పింది సరైనదే కదండీ, పేరు కూడా ముందే చెప్పాడు కదా అని అడిగాను. ఆ మాస్టారు మర్యాదగానే మాట్లాడారు. "మాకిచ్చిన పేపర్లో ఇదే ఉందండీ" అన్నారు. పేపరు చూపించారు. అందులో ప్రశ్న, పక్కన ఒక మాట, అంతే.

తిరిగి వస్తుంటే శంకర్ విలాస్ బ్రిడ్జి దగ్గర ట్రాఫిక్‌లో ఇరుక్కుపోయాం. బండి వెనక కూర్చుని వాడు ఒకటే అడిగాడు: "మామయ్యా, నేను తప్పు చెప్పానా?" లేదురా అన్నాను. "మరి వాళ్ళకెందుకు ఇచ్చారు?" అన్నాడు. దానికి నా దగ్గర జవాబు లేదు. అక్క ఎంత బతిమాలినా ఆ రాత్రి అన్నం ముట్టలేదు.

మర్నాడు షాపులో వాడు కాగితం మీద ఒక చెట్టు గీసి చూపించాడు. అది నాకు బుర్రకెక్కింది మా ఇంటి లెక్కలోనే. మా తాతగారిది తెనాలి దగ్గర పల్లె. ఆయనకు నలుగురు కొడుకులు. నాలుగో బాబాయి మనవళ్ళు అమెరికా వెళ్ళి అక్కడే స్థిరపడ్డారు. వాళ్ళను వదిలేసి మిగతా బంధువులందరినీ మేం 'తెనాలి వాళ్ళు' అంటాం. పెళ్ళి కార్డులు పంచేటప్పుడు ఆ పిలుపు బాగా పనికొస్తుంది. కానీ వంశవృక్షం గీయమంటే 'తెనాలి వాళ్ళు' అని ఒక కొమ్మ గీయలేం. ఎందుకంటే తెనాలిలోనే ఉన్న నాలుగో బాబాయి మా పెదనాన్నల పిల్లలకంటే ఆ అమెరికా పిల్లలకే దగ్గర. ఆయన సొంత మనవళ్ళను పక్కన పెట్టి గీసిన కొమ్మ కొమ్మే కాదు.

ప్రోసారోపాడ్‌ల సంగతి అచ్చం ఇదే. సారోపాడ్‌లు మన అమెరికా మనవళ్ళు. ప్లాటియోసారస్ చాలా కింద చీలిన కొమ్మ. మాసోస్పాండిలస్ ఇంకాస్త పైన. సారోపాడ్‌లను తీసేస్తే మిగిలేది ఒక కుటుంబం కాదు, ఒకదాని తర్వాత ఒకటిగా చీలిపోయిన కొమ్మల వరస. అందుకే శాస్త్రవేత్తలు ఇప్పుడు 'బేసల్ సారోపోడోమార్ఫ్‌లు' అంటున్నారు, అంటే ఆ వంశవృక్షంలో మొదట్లో విడిపోయినవి అని. సారోపోడోమార్ఫా అనే పెద్ద పేరు పెట్టిందీ హ్యూనేనే, 1932లో. అందులో తొలివీ మలివీ అన్నీ ఉంటాయి కాబట్టి ఆ పేరు చెక్కుచెదరలేదు.

ఇక్కడికి రావడానికి శాస్త్రవేత్తలకే ఎనభై ఏళ్ళు పట్టింది. మొదట్లో ఇవే పూర్వీకులు అనుకున్నారు. తర్వాత వెనక కాలి ఐదో వేలు దగ్గర అనుమానం వచ్చింది. ప్రోసారోపాడ్‌లకు ఆ వేలు కుంచించుకుపోయి ఉంటుంది, సారోపాడ్‌లకు పెద్దదిగా ఉంటుంది. తగ్గిపోయిన వేలు మళ్ళీ ఎలా పెరుగుతుందని, ఇవి పూర్వీకులు కావు, పక్కకు పోయిన వేరే శాఖ అన్నారు. 2000 దాటాక ఇంకా ఎక్కువ ఎముకల లక్షణాలు కంప్యూటర్లో పోల్చి చూస్తే ఇప్పుడు చెప్పిన వరస బయటపడింది. మావాడి ప్లాటియోసారస్ కూడా ఇలాంటిదే. పాత బొమ్మల్లో దాన్ని నాలుగు కాళ్ళ మీద నడిపించేవారు. దాని అరచేయి నేలవైపు తిరగదని ముంజేతి ఎముకలు పరిశీలించి 2007లో చూపించారు. అది రెండు కాళ్ళ జంతువు.

మరి క్విజ్ పేపర్లో పాత మాట ఎందుకుంది? విజయవాడ పుస్తక మహోత్సవంలో ఏటా చూస్తుంటాను. సగం ధరకు గుట్టలుగా పోసిన పిల్లల ఎన్‌సైక్లోపీడియాలు చాలావరకు ఎప్పటివో పాత ముద్రణలే. రంగులు బాగుంటాయి, మనమూ కొంటాం. వాటిలోంచి ఒకరు బిట్లు తీస్తారు, ఆ బిట్లను ఇంకొకరు కాపీ కొడతారు. నా షాపులోనే ఒకే బిట్ అదే అచ్చుతప్పుతో నాలుగు వేర్వేరు ట్యూషన్ల పేపర్లలో వచ్చింది. ఎవరూ మూలం తెరిచి చూడరు. ఒక మాటకు ఒకే మాట జవాబుగా బట్టీ పట్టించే చదువు ఉన్నంతకాలం, ఎక్కువ తెలిసిన పిల్లవాడే ఎక్కువ నష్టపోతాడు. ఇది నా గట్టి నమ్మకం.

ఇంకో బాధ కూడా ఉంది. మన పుస్తకాల్లో డైనోసార్‌ను 'రాక్షసబల్లి' అనేస్తారు. అది బల్లి కాదు. నేటి జంతువుల్లో దానికి బల్లికంటే మన పెరట్లో కోడి దగ్గరి చుట్టం. రాక్షసి కూడా కాదు. తొలి రకాల్లో కొన్ని మనిషి బరువు కూడా తూగేవి కావు. దయచేసి ఆ మాట మానేద్దాం. 'డైనోసార్' అంటే పల్లెల్లో చిన్నపిల్లలకు కూడా తెలుస్తుంది.

నిజానికి ఈ కథలో ముఖ్యమైన ముక్క మన గోదావరి పక్కనే ఉంది. తెలుగు బడుల్లో అది చెప్పకపోవడం నాకు చాలా కష్టంగా ఉంటుంది. తెలంగాణలో ప్రాణహిత, గోదావరి లోయ రాళ్ళలో, తొలి రకాల నుంచి సారోపాడ్‌ల దాకా మార్పు జరిగిన కాలం ఎముకలు దొరికాయి. కోల్‌కతాలోని ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వాళ్ళు ఇక్కడ తవ్వారు. లెక్కల సంస్థ డైనోసార్లు తవ్వడమేమిటంటే, దాన్ని స్థాపించిన మహలనోబిస్ లండన్ నుంచి శిలాజాల శాస్త్రవేత్త పమేలా లాంప్లూ రాబిన్సన్‌ను పిలిపించి అక్కడ భూగర్భ పరిశోధన మొదలుపెట్టించారు. ఆమె పేరు మీదే 2007లో ఇక్కడ దొరికిన ఒక డైనోసార్‌కు లాంప్లూసారా ధర్మారమెన్సిస్ అని పేరు పెట్టారు. ధర్మారం అనేది మన ఊరి పేరే. పది మీటర్ల జంతువు. అది సారోపాడా, లేక సారోపాడ్‌లను తొలి రకాల నుంచి వేరుచేసే గీతకు ఇవతలదా అని ఇప్పటికీ నిపుణులు ఒక మాట మీద లేరు. ఆ గీత అంత సన్నం. ప్రోసారోపాడ్ అనే మాట ఎందుకు జారిపోయిందో ఈ ఒక్క జంతువు చెబుతుంది.

అదే లోయలో బారాపాసారస్ దొరికింది. దాని తొడ ఎముకే 1.7 మీటర్లు. 1975లో పేరు పెట్టారు. 'బారా పా' అంటే బెంగాలీలో పెద్ద కాలు. తవ్వకం మొదలైన 1961 టాగోర్ శతజయంతి సంవత్సరం కాబట్టి ఆయన పేరూ చేర్చారు. వాళ్ళు కష్టపడి తవ్వారు, వాళ్ళ భాషలో పెట్టుకున్నారు, అందులో తప్పేమీ లేదు. దక్షిణాఫ్రికాలో 2018లో ఇలాంటి పన్నెండు టన్నుల జంతువుకు లెడుమహాడి అని సోథో భాషలో పేరు పెట్టారు. పెద్ద ఉరుము అని అర్థం. తెలుగు నేలలో దొరికిన దానికి ఊళ్ళ పేర్లు కాకుండా 'పెద్దపాదం' లాంటి చక్కని తెలుగు మాట ఒకటి ఎప్పుడు పెడతారా అని నాకు ఆశ.

వేసవి సెలవుల్లో మావాణ్ణి హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌కు తీసుకెళ్ళాను. అక్కడ కోటాసారస్ యామనపల్లియెన్సిస్ అస్థిపంజరం నిలబెట్టి ఉంది. యామనపల్లి దగ్గర 840 ఎముకలు దొరికితే శాస్త్రవేత్త యాదగిరి గారు 1988లో దానికి పేరు పెట్టారు. ఇది సారోపాడే, కానీ తొడ ఎముకలో ఇంకా పాత రకాల గుర్తులు మిగిలి ఉన్నాయి. మావాడు దాని కింద నిలబడి చాలాసేపు కదల్లేదు. తర్వాత తల చూపించి, "అది మాత్రం ఊహించి చేసింది మామయ్యా, పుర్రె దొరకలేదు, పళ్ళే దొరికాయి" అన్నాడు. పక్కనున్న ఇద్దరు పిల్లలు వాడి దగ్గరికి జరిగి వినడం మొదలుపెట్టారు. క్విజ్ తర్వాత వాడు అంత ధీమాగా మాట్లాడటం అదే మొదటిసారి.

ఇక మీరడిగిన వాడుక సంగతి. ఇంగ్లీషులో పెద్దక్షరంతో మొదలైతే అది శాస్త్రీయంగా పెట్టిన గుంపు పేరు, చిన్నక్షరమైతే వాడుక మాట. మనకు ఆ సౌకర్యం లేదు కాబట్టి చివర చూసుకోవాలి. 'ప్రోసారోపోడా' అని గుంపు పేరుగా రాయకండి. 'ప్రోసారోపాడ్‌లు' అని, మా తెనాలి వాళ్ళలాగా పిలుపుగా రాయండి, ఏమీ ఫరవాలేదు. సుమారు 23 కోట్ల ఏళ్ళ కిందట మొదలైన ఆ చిన్న తల, పొడవు మెడ ఆకారాన్ని ఒక్క మాటలో చెప్పడానికి ఇంతకంటే తేలికైన మాట మరొకటి లేదు. 'పూర్వీకులు' అని మాత్రం పక్కన రాయొద్దు.

మొన్న బ్రాడీపేటలో ట్యూషన్ చెప్పే మేడమ్ ఒకావిడ క్విజ్ పుస్తకం టైపు చేయమని ఇచ్చారు. అరవై మూడో బిట్ అదే. పాత ప్రశ్న, పాత జవాబు. ఆవిడకు ఫోన్ చేసి ఇదంతా చెప్పాను. పది నిమిషాలు విని, "సరేనండీ, మీ అబ్బాయి ఎలా చెబితే అలాగే మార్చండి" అన్నారు. వాణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని, వాడు చెబుతుంటే టైపు చేశాను: 'సారోపాడ్‌ల కంటే ముందు విడిపోయిన పొడవు మెడ డైనోసార్లను వాడుకలో ఏమంటారు?'