నల్లా నీళ్ల కోసం కోర్టుకు వెళ్లవచ్చా?

హనుమకొండలో మీ కాలనీకి నీళ్లు సరిగా రావడం లేదని, కోర్టు వింటుందా అని అడిగారు. తప్పకుండా వింటుంది. తాగునీరు రాజ్యాంగం 21వ అధికరణంలోని జీవించే హక్కులో భాగమే. హిమాయత్‌సాగర్, ఉస్మాన్‌సాగర్‌ల రక్షణకు సంబంధించిన కేసులో 2000లో సుప్రీంకోర్టు ఈ మాట స్పష్టంగా చెప్పింది.

226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ (అధికారులు తమ బాధ్యత నెరవేర్చేలా ఆదేశించమని కోరే పిటిషన్) వేయవచ్చు. కానీ నా సలహా, ముందుగా శాశ్వత లోక్ అదాలత్‌కు, అంటే ప్రజోపయోగ సేవల వివాదాలను రాజీతో పరిష్కరించే వేదికకు వెళ్లండి. 1987 నాటి న్యాయ సేవల చట్టం ప్రకారం నీటి సరఫరా కూడా అలాంటి సేవే. కోర్టు ఫీజు ఉండదు. రాజీ కుదరకపోతే ఆ లోక్ అదాలతే తీర్పు ఇవ్వగలదు, దానిపై అప్పీలు లేదు. ఒకసారి కోర్టులో కేసు వేశాక మాత్రం అదే వివాదంతో అక్కడికి వెళ్లలేరు, కాబట్టి వరుస తప్పవద్దు. దరఖాస్తుకు జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో సాయం దొరుకుతుంది.

ఎక్కడికి వెళ్లినా సాక్ష్యమే బలం. కార్పొరేషన్‌కు రాతపూర్వకంగా విజ్ఞప్తి చేసి రసీదు తీసుకోండి. అడిగినా చేయలేదని చూపకపోతే రిట్ నిలవడం కష్టం. నీళ్లు వచ్చిన తేదీలు, వేళలు రాసిపెట్టండి. ట్యాంకర్ రసీదులు దాచండి. నీళ్లు బాగా లేవనిపిస్తే పరీక్ష చేయించండి: లీటరుకు 1.5 మిల్లీగ్రాములకు మించి ఫ్లోరైడ్ ఉండకూడదు.

నిధులు లేవంటారేమో. 1980 నాటి రత్లాం మున్సిపాలిటీ కేసు మురుగు కాలువల గురించే అయినా, డబ్బు లేదన్న సాకు చెల్లదన్న ఆ తీర్పును ఇక్కడా ధైర్యంగా చూపించవచ్చు.