పచ్చి అరటిపళ్లు కొనని జడ్జిగారు

ప్రశ్న: పోయిన వేసవిలో అమెరికాలో మా అమ్మాయి వాళ్లుండే విచిటాకి వెళ్లాం. ఆ ఊళ్లో ఒక జడ్జి నూట నాలుగేళ్ల వయసులో కూడా కేసులు విన్నాడని పక్కింటి పెద్దాయన చెప్పాడు. నేను సర్కారు నౌకరీ చేసి రిటైరైనవాణ్ని, నాకు నమ్మబుద్ధి కాలేదు. నిజమేనా? (ఒక పాఠకుడు, మల్కాజిగిరి)

జవాబు: నిజమేనండీ. ఆయన పేరు వెస్లీ బ్రౌన్. 1907 జూన్ 22న, విచిటా ఉన్న కాన్సస్ రాష్ట్రంలోనే, హచిన్సన్ అనే ఊళ్లో పుట్టారు, 2012 జనవరి 23న పోయారు, పోయేనాటికి కూడా ఆయన ఫెడరల్ జడ్జే, అంటే రాష్ట్ర కోర్టు కాదు, కేంద్ర ప్రభుత్వ కోర్టు జడ్జి. అప్పటికి వయసు 104 నిండి ఏడు నెలలు.

సొంత ఊళ్లో వకీలుగా మొదలుపెట్టారు, కొన్నాళ్లు ప్రభుత్వ వకీలుగా చేశారు, రెండో ప్రపంచయుద్ధంలో నౌకాదళంలోకి వెళ్లొచ్చారు, తర్వాత నాలుగేళ్లు దివాలా కేసులు చూశారు. 1962లో ప్రెసిడెంట్ కెనడీ ఆయన్ని జడ్జిగా వేసేనాటికి వయసు 54. మన దగ్గర ఆ వయసుకి పెన్షన్ లెక్కలు మొదలుపెడతాం, ఆయనకి అసలు ఉద్యోగం అప్పుడే మొదలైంది.

1979లో సీనియర్ జడ్జి హోదాలోకి మారారు. ఇది మనకి లేని పద్ధతి, కొంచెం చెప్పాలి. అక్కడ 65 ఏళ్ల వయసు, 15 ఏళ్ల సర్వీసు ఉంటే (70 ఏళ్లవాళ్లకి 10 ఏళ్లు చాలు) పూర్తిగా మానేసినా బతికున్నంతకాలం అదే జీతం వస్తుంది. మానకుండా సీనియర్ జడ్జిగా కూడా ఉండొచ్చు, అప్పుడు ఆ ఖాళీలో కొత్త జడ్జి వస్తారు, ఈయన ఓపిక ఉన్నంత పని చేస్తారు. అంటే బ్రౌన్ గారు 72 ఏళ్లకే ఇంట్లో కూర్చున్నా రూపాయి తగ్గేది కాదు. ఆయన ఇంకో 32 ఏళ్లు కోర్టుకి వచ్చారు.

నన్ను కదిలించింది మాత్రం వయసు కాదు. చివరి రోజుల్లో ముక్కుకి ఆక్సిజన్ గొట్టం పెట్టుకుని బెంచి మీద కూర్చునేవారు. పెద్ద తోలు కుర్చీలో మనిషి మునిగిపోయినట్టు కనిపించేవారట. ఎక్కువ రోజులు నడిచే కేసు వస్తే వకీళ్లకి ముందే చెప్పేవారు, ఇది పూర్తయ్యేదాకా నేను ఉండకపోవచ్చు, ఈ వయసులో పచ్చి అరటిపళ్లు కూడా కొనడం లేదు అని. అక్కడి దుకాణాల్లో అరటిపళ్లు చాలావరకు పచ్చివే ఉంటాయి, తెచ్చి నాలుగు రోజులు పెడితేగాని పండవు. ఆ నాలుగు రోజులు కూడా గ్యారంటీ లేదని ఆయన అంటున్నారన్నమాట. చివరి ఏడాదికి కొత్త క్రిమినల్ కేసులు తీసుకోవడం తనే మానేశారు. నా బుర్ర సరిగ్గా పనిచేయడం లేదని మీకు అనిపిస్తే మొహమాటపడకుండా చెప్పండి అని నమ్మకమైన సహచరులకి ముందే చెప్పి పెట్టుకున్నారు.

ఇది చదివితే నాకు నా పాత క్లయింటు ఒకాయన గుర్తొస్తాడు. ఇంటి వాటా కేసు, పదకొండేళ్లు తిరిగాడు. ఆర్గ్యుమెంట్లు పూర్తయ్యాయి, తీర్పు రిజర్వ్ చేశారు, ఇక వచ్చేసినట్టే అనుకున్నాం. ఈలోగా జడ్జిగారు రిటైరయ్యారు, తీర్పు రాలేదు. కొత్తగా వచ్చినవారు మళ్లీ మొదటి నుంచి వినాలన్నారు. ఆ రోజు కోర్టు వరండాలో ఆయన కాగితాల కట్ట ఒళ్లో పెట్టుకుని, రిటైరవుతారని వాళ్లకి ముందే తెలుసు కద సార్, మాకెందుకు చెప్పలేదు అని అడిగాడు. నా దగ్గర జవాబు లేదు. వాయిదాకి వచ్చినవాడికి ఆ ఒక్కమాట ముందు చెప్పడం ఎంత పెద్ద మర్యాదో ఆ రోజు నాకు తెలిసింది, అందుకే బ్రౌన్ గారంటే అంత గౌరవం.

ప్రశ్న: జీవితాంతం పదవి ఇచ్చేస్తే, జ్ఞాపకశక్తి తగ్గినా, తప్పు చేసినా అడిగేవాళ్లు ఉండరా? (లా విద్యార్థిని, విద్యానగర్)

జవాబు: ఉంటారమ్మా, కానీ దారి చాలా ఇరుకు. అమెరికా రాజ్యాంగంలో ఉన్న మాట 'సత్ప్రవర్తన ఉన్నంతకాలం' అని. జీవితమో సత్ప్రవర్తనో, రెంటిలో ఏది ముందు పోగొట్టుకుంటే అక్కడితో సరి అని బ్రౌన్ గారే అనేవారు. తీసెయ్యాలంటే ప్రతినిధుల సభ అభిశంసన చేయాలి, సెనేట్‌లో మూడింట రెండొంతుల మంది ఒప్పుకోవాలి. ఇప్పటిదాకా 15 మంది ఫెడరల్ జడ్జీల మీద అభిశంసన జరిగితే 8 మందిని తీసేశారు. మొట్టమొదట పోయింది జాన్ పికరింగ్, 1804లో. తాగుడు, మతిస్థిమితం లేకపోవడం.

జ్ఞాపకశక్తి సంగతికి అంత తేలికైన జవాబు లేదు. పాలీన్ న్యూమన్ గారని 1927లో పుట్టారు, రసాయనశాస్త్రంలో డాక్టరేట్ చేసి తర్వాత లా చదివి, 1984 నుంచి పేటెంట్ అప్పీళ్లు వినే ఫెడరల్ సర్క్యూట్ కోర్టులో జడ్జిగా ఉన్నారు, పేటెంట్ల విషయంలో పెద్ద పేరు. ఆవిడ ఇక పని చేయగలరా అని సాటి జడ్జీలకే అనుమానం వచ్చి, మేం చెప్పిన డాక్టర్లకి చూపించుకోండి అన్నారు. ఆవిడ ఒప్పుకోలేదు, నా డాక్టర్ల రిపోర్టులు ఇవిగో అన్నారు. 2023 సెప్టెంబరు నుంచి కేసులు ఇవ్వడం ఆపేశారు. పదవి ఉంది, జీతం ఉంది, చేతిలో ఫైలు లేదు. నలభై ఏళ్లు పనిచేసిన మనిషికి అది ఎంత బాధో ఊహించు. కేసు వేసినవాడి వైపు నుంచి చూస్తే అనుమానం పుట్టినప్పుడు పరీక్ష అడగడం తప్పు కాదనే నా అభిప్రాయం.

మన రాజ్యాంగం ఈ తలనొప్పి పెట్టుకోలేదు. హైకోర్టుకి 62, సుప్రీంకోర్టుకి 65, ఆ రోజు రాగానే ఎంత చురుగ్గా ఉన్నా లేవాల్సిందే. మూసీ ఒడ్డున మన హైకోర్టులో వీడ్కోలు సభలు చాలా చూశాను, ఇంకో పదేళ్లు చక్కగా తీర్పులు రాయగలవారు దండలు వేయించుకుని వెళ్లిపోతుంటే ఉసూరుమనిపిస్తుంది.

ప్రశ్న: కాలిఫోర్నియాలో మన తెలుగావిడ జయ బాదిగ జడ్జి అయ్యారు కదా, ఆవిడదీ జీవితకాలమేనా? (ఒక పాఠకురాలు, కూకట్‌పల్లి)

జవాబు: కాదండీ. ఆవిడ 2024లో నియమితులైంది శాక్రమెంటో కౌంటీ సుపీరియర్ కోర్టుకి, అది రాష్ట్ర కోర్టు. అక్కడ పదవీకాలం ఆరేళ్లు, కొనసాగాలంటే ఓటర్ల దగ్గరికి వెళ్లాలి. జీవితకాలం పదవి బ్రౌన్ గారిలాంటి, ప్రెసిడెంట్ వేసి సెనేట్ ఒప్పుకున్న ఫెడరల్ జడ్జీలకి.

మల్కాజిగిరి పెద్దాయనకి ఇంకోమాట. ఈసారి విచిటా వెళ్తే మార్కెట్ స్ట్రీట్‌లో ఫెడరల్ కోర్టు భవనం ఉంటుంది, విచారణలు చాలావరకు ఎవరైనా వెళ్లి చూడొచ్చు. పాస్‌పోర్టు జేబులో పెట్టుకోండి, లోపల ఫొటోలు తీయకండి, వెనక వరసలో కూర్చోండి.