రెండు పనులూ చెయ్, టేపుది మాత్రం ముందు

విజయనగరం

చిరంజీవి మేనల్లుడికి అత్త ఆశీస్సులు.

నాన్నా, నటనో, పాత రికార్డింగులు భద్రం చేసే పనో, ఏదో ఒకటి మానెయ్యమని మీ నాన్న అన్నాడట. మానకు. శ్రీకాకుళం జిల్లాలో పుట్టిన జె.వి. సోమయాజులుగారు డిప్యూటీ కలెక్టరుగా ఉంటూనే నాటకాలాడారు, సినిమాల్లోకీ వచ్చారు.

కాకపోతే ఏది ముందో తెలియాలి. ఈ వేషం పోతే మరోటి వస్తుంది. జముకు వాయిస్తూ పాడే జముకుల కథ చెప్పినావిడ పోయాక ఆ కేసెట్టూ బూజు పడితే ఇంక ఆ గొంతు లేదు. షూటింగు లేని రోజులు టేపులకి పెట్టు. గంట కేసెట్టు కంప్యూటర్లోకి ఎక్కించడానికి గంటా పడుతుంది, అడ్డదారి లేదు.

కేసెట్టు చేతికి రాగానే వెనక అంచున ఉండే రెండు చిన్న ప్లాస్టిక్ ముక్కలు విరిచెయ్, పొరపాటున దాని మీద రికార్డు అవకుండా. బూజున్నదాన్ని ప్లేయర్లో పెట్టకు, మిగతావాటికీ అంటుకుంటుంది. ప్లేయర్లో టేపుకి తగిలే హెడ్డుని ఐసోప్రొపైల్ ఆల్కహాలుతో తుడవొచ్చు. 78 ఆర్పీఎం గ్రామఫోను రికార్డుకి మాత్రం అది తగలనివ్వకు. ఆ రికార్డు లక్కతో చేసింది, ఆల్కహాలుకి కరిగిపోతుంది. దానికి సూది కూడా వేరే ఉండాలి. ఎల్పీ సూది సన్నం, గాడి అడుగుకి దిగి గరగరమంటుంది. ఏదైనా సరే, సౌండు నాణ్యత తగ్గకుండా 96 కిలోహెర్ట్జ్, 24 బిట్ వేవ్ (WAV) ఫైలుగా ఎక్కించు. గరగర తగ్గించాలనుకుంటే ఇంకో కాపీ మీద చెయ్, అసలు ఫైలు జోలికి పోకు. ఒక కాపీ వేరే ఊళ్లో ఉంచు. 2018 అక్టోబరులో తిత్లీ తుపాను పలాస వైపు ఏం చేసిందో నీకు తెలుసు.

ఇప్పుడు నటన సంగతి. తెర మీద మన ఉత్తరాంధ్ర యాస వినబడితే ఎక్కువగా నవ్వించడానికే. ఇది నాకు ఎప్పుడూ బాధే. పాత టేపుల్లో విను, అదే యాసలో బిడ్డను పోగొట్టుకున్న తల్లి ఏడుస్తుంది, ముసలాయన గట్టు తగాదా చెబుతాడు. నవ్వు రాదు. ఎక్కడ ఊపిరి తీశారు, ఏ మాట మింగేశారు, అది పట్టుకో. డబ్బింగులో "ఇంకాస్త సాగదియ్యి" అంటే సాగదీసి ఒక టేక్ ఇవ్వు. ఆ వెంటనే "మా ఊళ్లో అన్నట్టు ఒకటి చెబుతానండీ" అని అడుగు. వింటే వాళ్లకే తేడా తెలుస్తుంది.

అలాగని ఎవరి ఏడుపునో యథాతథంగా ఎత్తుకెళ్లి ఆడిషన్లో పెట్టకు. పాడినవాళ్లనో, వాళ్లింటివాళ్లనో అడక్కుండా ఏదీ యూట్యూబులో వెయ్యకు.

డబ్బు టెన్షన్ ఉంటుంది. సీరియల్ పేమెంట్లు ఆలస్యమవుతాయి. చేతికొచ్చిన రోజే కొంత హార్డ్ డిస్కుకని తీసి పక్కన పెట్టు.

ముందు మనింట్లో ఉన్న మీ తాతగారి హరికథ కేసెట్లు మొదలుపెట్టు. మృదంగం ఎవరిదో, ఏ ఊళ్లో చెప్పారో మీ నానమ్మకి ఇంకా గుర్తుంది. పక్కన కూర్చోబెట్టుకుని వినిపించు, ఆవిడ చెప్పేదీ రికార్డు చెయ్.

మీ అత్త