‘రిత్విక’లో ‘క’ ఎక్కడిది?

సందేహం: మా మనవరాలికి మొన్ననే బారసాల చేశాం. చిత్తా నక్షత్రం నాలుగో పాదం, ‘రీ’ అక్షరం వచ్చిందని అబ్బాయీ కోడలూ వెతికి వెతికి ‘రిత్విక’ అని ఖాయం చేశారు. పళ్లెంలో బియ్యం పోసి మావాడు ఉంగరంతో ‘రి’ రాస్తుంటే, ‘ఋ’ కదరా అన్నాను నేను. పురోహితుడు ‘రు’ అన్నారు. ఈలోగా మా వియ్యపురాలు “ఇంతకీ అర్థమేమిటన్నయ్యగారూ?” అని అడిగారు. ఫోనులో చూస్తే ఒకచోట పార్వతి, ఒకచోట పూజారిణి, ఇంకోచోట నది! నిఘంటువులో అసలు దొరకలేదు. ఏది సరి? ఇంగ్లీషులో రాసేటప్పుడు ‘టి’ పక్కన ‘హెచ్’ ఉండాలా?
– ఒక తాతగారు, తెనాలి

సమాధానం: నిఘంటువులో దొరకకపోవడం మీ కళ్లజోడు తప్పు కాదు. నేను తిరగేసినవాటిలోనూ ‘ఋత్విక’ లేదు. ఉన్నది ‘ఋత్విజ్’. పార్వతి, నది అన్నవి ఎవరో ఊహించి రాసినవి. పూజారిణి అన్నవారు మాత్రం గురికి కాస్త దగ్గరగా కొట్టారు.

‘ఋతు’కు ‘యజ్’ ధాతువు చేరితే పుట్టిన మాట ఇది. యజ్ అంటే యజ్ఞం చేయడం. ఇందులోని ‘య’ కొన్నిచోట్ల ‘ఇ’గా మారిపోతుంది. పుత్రకామేష్టిలోని ‘ఇష్టి’ అలా వచ్చిందే. ఇక్కడా యజ్ కాస్తా ఇజ్ అయింది. ఋతు + ఇజ్, యణాదేశంతో ఋత్విజ్. అను + ఇత ‘అన్విత’ అయినట్టే. తగిన ఋతువులో, అంటే విధించిన వేళకు, యజ్ఞం చేసేవాడని అర్థం. ఋగ్వేదం మొదటి మంత్రంలోనే ఈ మాట ఉంది: “అగ్నిమీళే పురోహితం యజ్ఞస్య దేవమృత్విజమ్.” చివరన ఉన్నది ‘జ’ అని గమనించండి, దానితో పని ఉంది.

పూజారి వేరు, ఋత్విక్కు వేరు. పూజారి గుడిలో అర్చన చేస్తాడు. ఋత్విక్కు గుడి మనిషి కాదు, యజ్ఞం తలపెట్టినవాడు వరించి పిలిపించుకున్న మనిషి. సోమయాగానికి 16 మంది ఋత్విక్కులు కావాలి. హోత, అధ్వర్యుడు, ఉద్గాత, బ్రహ్మ అనే నలుగురు ముఖ్యులు, ఒక్కొక్కరికి ముగ్గురేసి సహాయకులు. వీళ్లను ధనమిచ్చి కుదుర్చుకోవాలని అమరకోశం మొహమాటం లేకుండా ‘ధనైర్వార్యాః’ అనేసింది. అలా కుదుర్చుకునేవాడు యజమానుడు. అదీ యజ్ ధాతువే. నెల మొదట్లో అద్దెకొచ్చే మన ఇంటి యజమాని గారు ఒకప్పుడు యజ్ఞం చేసినాయన అన్నమాట!

ఇప్పుడు ‘క’ సంగతి. మీ అబ్బాయి ఎరక్కుండా పడిన గోతిలో ఈ కాలపు తల్లిదండ్రులు చాలామందే పడుతున్నారు. గాయకుడు–గాయిక, నాయకుడు–నాయిక, బాలకుడు–బాలిక, ఈ జంటలు మన చెవుల్లో నాటుకుపోయాయి. దాంతో చివర ‘ఇక’ తగిలిస్తే ఆడపిల్ల పేరైపోతుందనుకుంటాం. గాయకుడిలో ‘అక’ ప్రత్యయం, స్త్రీలింగంలో అది ‘ఇక’ అవుతుంది. అక్కడ ‘క’ సొంత సొత్తు. ఋత్విక్కులో ‘క’ ప్రత్యయమూ కాదు, ధాతువులోదీ కాదు. ‘జ్’ మాట చివర పడితే వేసుకునే వేషం అది. సంస్కృతంలో ఒక్కడైతే ఋత్విక్, ఇద్దరైతే ఋత్విజౌ, పలువురైతే ఋత్విజః. వెనక అచ్చు వచ్చిందో లేదో వేషం తీసేసి ‘జ’గా బయటపడుతుంది. తెలుగులో వణిక్కు (వర్తకుడు), భిషక్కు (వైద్యుడు) కూడా ఈ బాపతే. వణిక్కు చేసేది ‘వాణిక్యం’ అంటామా? వాణిజ్యం అంటాం. భిషక్కు ఇచ్చే మందు భైషజ్యం, ఋత్విక్కు చేసేది ఆర్త్విజ్యం.

కాబట్టి ‘క’ మీద ‘ఆ’ చేర్చి ఋత్విక అనడానికి వ్యాకరణం ఒప్పుకోదు. అసలు ఇలాంటి హలంత (హల్లుతో ముగిసే) శబ్దానికి స్త్రీలింగంలో వేరే రూపమే అక్కర్లేదు, ఆమె కూడా ఋత్విక్కే. అయినా ఆకారాంతం కావాలని ముచ్చటపడితే దారి లేకపోలేదు. భాగురి అనే ప్రాచీన వైయాకరణుడి మతంగా ఒక శ్లోకం ఉంది: “ఆపం చైవ హలంతానాం యథా వాచా నిశా దిశా.” హల్లుతో ముగిసే స్త్రీలింగ శబ్దాలకు ఆయన ‘ఆ’ చేరుస్తాడు. వాక్కు వాచ అయింది, ‘వాక’ కాలేదు. దిక్కు దిశ అయింది, ‘దిక’ కాలేదు. ఆ లెక్కన ఋత్విక్కు ‘ఋత్విజ’ కావాలి. చక్కని పేరే! బియ్యంలో రాయకముందు మీ ఉత్తరం వచ్చి ఉంటే అదే చెప్పేవాణ్ణి.

ఆడపిల్లకు ఋత్విక్కు పేరేమిటి అని ఎవరైనా మూతి విరిస్తే మాత్రం తగ్గకండి. శ్రౌతకర్మలో ఆ పదహారుగురూ మగవాళ్లేనన్నది నిజం. కానీ ఋగ్వేదం అయిదో మండలం 28వ సూక్తానికి ఋషి అత్రి వంశానికి చెందిన విశ్వవార అనే స్త్రీ. మొదటి మంత్రంలోనే విశ్వవార దేవతలను స్తుతిస్తూ, నేతి స్రుక్కు (హోమపు గరిటె) పట్టుకుని తూర్పుముఖంగా అగ్ని దగ్గరికి నడిచి వెళుతుందని సాయణుడి వ్యాఖ్యానం. అంతెందుకు, ‘పత్ని’ అనే మాటను పాణిని యజ్ఞసంబంధం ఉన్నప్పుడే సాధించాడు. మీ వియ్యపురాలికి ఈ రెండూ చెప్పండి, సంతోషిస్తారు.

ఇక రి, రు తగాదా. రాతలో ‘ఋ’ అన్న మీ మాటే ఒప్పు. పలకడంలో ప్రాంతానికో తీరు. బెంగాలీ సినిమా దర్శకుడు ఋత్విక్ ఘటక్ అక్కడ ‘రిత్తిక్’లా వినపడతాడు. మరాఠీ క్రికెటర్ గైక్వాడ్ ‘రుతురాజ్’. మనదీ ఈ విషయంలో మరాఠీ దారే. రుణమాఫీ, రుతుపవనాలు అని పత్రికలే రాస్తున్నాయి. పురోహితుడు ‘రు’ అన్నది అందుకే. అయితే ‘రి’ అన్నది ఉత్తరాది నుంచి దిగుమతైన పలుకుబడి అని మీవాణ్ణి దెప్పకండి. మన ఛందస్సులో స్వరయతి, అంటే పద్యపాదంలో అచ్చుకు అచ్చు జోడీ కుదిర్చే నియమం, చూడండి: ఇ, ఈ, ఎ, ఏలతో పాటు ఋకారాన్ని కూర్చోబెట్టారు, ఉ, ఊలతో కాదు. పద్యం రాసేవాళ్ల చెవికి ఋ ‘ఇ’ వైపే మొగ్గిందన్నమాట.

మీ ఇంట్లో దీనికి మరో చిక్కుంది, అది ఎవరూ గమనించినట్టు లేదు. నక్షత్రపాదాల అక్షరాల్లో చిత్తకు పే, పో, రా, రీ. ఆ వెంటనే స్వాతికి రూ, రే, రో, తా. పురోహితుడు అన్నట్టు ‘రు’ అని పిలిస్తే పిల్ల చిత్త నాలుగో పాదం దాటి స్వాతి మొదటి పాదంలో పడుతుంది! నక్షత్రం చూసే కదా ఈ పేరు వెతికారు. అందుకని ‘ఋత్విక’ అని రాసి, ‘రిత్విక’ అని పిలుచుకోండి. వ్యాకరణం ఒప్పుకోని రూపమే అయినా, అది ఇప్పుడు ఒక పిల్ల పేరు. సంజ్ఞకు, అంటే పేరుకు, రూఢి (వాడుక) చాలు. బియ్యంలో రాసి, చెవిలో చెప్పిన పేరును ‘జ’ కోసం మార్చకండి.

‘హెచ్’ గురించి: ఉంచండి. గీత, లత అని రాయడానికి మనం ‘టి’ పక్కన ‘హెచ్’ పెట్టడం పాత అలవాటే. అది లేకపోతే మన బడిలో ‘రిట్విక’ అని హాజరు పిలుస్తారు. ఉంటే ఢిల్లీలో ‘రిథ్విక’ అంటారు. పిల్ల చదువుకునేది మీ ఊళ్లోనే కదా.